రెండు పొట్లాల నేలవేము

మా అత్తను రుచి చూసే బల్ల దగ్గర నుంచి లేపి చేతికి చీపురిచ్చింది మధ్యాహ్నం అన్నాల వేళ. చూసేవాళ్లు ఉండాలని ఎంచుకున్న వేళ అది. మూలికల గోదాము యజమానికి ఒక అల్లుడున్నాడు. పనివాళ్లందరూ డబ్బాలు విప్పుకుని కూర్చున్న రేకుల షెడ్డులోకి అతను అత్తను పిలిపించాడు. ఒక స్టూలు మీద రెండు కాగితం పొట్లాలు పెట్టాడు. రెండింట్లోనూ ఆకుపచ్చటి పొడి. ఒకదాంట్లో అసలైన నేలవేము ఉందనీ, రెండోదాంట్లో ఆమె నిన్న కల్తీ అని పక్కన పెట్టించిన బస్తాలోది ఉందనీ చెప్పి, ఏది ఏదో తేల్చమన్నాడు.

అత్త రెండూ నాలుక మీద వేసుకుంది. చాలాసేపు నిలబడింది. తర్వాత కుడివైపు పొట్లం మీద వేలు పెట్టి ఇది అసలుది అంది.

"నిన్న మీరు కల్తీ అని గొడవ చేసిన బస్తాలోదేనండీ ఇది" అన్నాడు అల్లుడు.

అందరూ నవ్వారు. నవ్వనివాళ్లు అన్నం కలుపుకున్నారు. మర్నాటి నుంచి అత్త పెరడు ఊడ్చింది.

నేనక్కడ లేను. ఈ సంగతి నాకు ఒక్కొక్కరు ఒక్కో రకంగా చెప్పారు. ఒకరి కథలో అత్త ఏడ్చింది, ఇంకొకరి కథలో బల్ల తన్నేసింది. పొట్లాలు రెండని, జనం నవ్వారని, ఆమె కుడివైపుదే చూపించిందని మాత్రం అందరి కథల్లోనూ ఉంది. నేను ఎవరి మాటా ఊరికే నమ్మే రకం కాదు. అందరూ ఒకేలా చెప్పే సంగతుల్నయితే మరీ నమ్మను. అందుకే ఈ మూడు సంగతులూ చాలాకాలం నన్ను నమిలాయి.

నేలవేము గురించి కొంచెం చెప్పాలి. మోకాలెత్తు మొక్క. కాడ గుండ్రంగా ఉండదు, నాలుగు పలకలుగా ఉంటుంది. సన్నటి ఆకు, చిన్న తెల్లటి పువ్వు, పువ్వు మీద ఊదారంగు మరక. పేరులో వేము ఉంది గానీ వేపచెట్టుకూ దీనికీ ఏ చుట్టరికమూ లేదు, ఇద్దరూ చేదువాళ్లన్నది తప్ప. జ్వరానికీ, జలుబుకీ, ఆకలి చచ్చిపోయినప్పుడూ, కడుపులో పురుగులకీ, కామెర్లకీ దీని కషాయం కాచి తాగడం ఎప్పటి నుంచో ఉన్నదే. పువ్వు వేయబోయే సమయంలో కోసి నీడలో ఆరబెడితే చేదు నిలుస్తుంది. ముదరనిచ్చి ఎండలో మాడిస్తే గడ్డి మిగులుతుంది. గోదాముకు వచ్చే బస్తాల్లో ఏది ఆకు, ఏది గడ్డి అని తేల్చడం అత్త పని. ప్రతి బస్తా అడుగు నుంచీ నడుమ నుంచీ చిటికెడు తీసి నాలుక మీద పెట్టుకుని, కళ్లు మూసుకుని, డబ్బాలో ఉమ్మేసి, నీళ్లు పుక్కిలించి, "దించండి" అనో "వెనక్కి పంపండి" అనో అనేది. అందరూ ఆమెను చేదమ్మ అనేవారు. ఆ పేరు ఆమెకు నచ్చేది కూడా.

వేపాకు కలిస్తే ఎలా తెలుస్తుందని చిన్నప్పుడు ఒకసారి అడిగాను.

"వేపాకు చేదు వచ్చి పలకరించి పోతుంది అల్లుడూ. నేలవేము చేదు వచ్చి కాపురం పెడుతుంది" అంది.

నాన్నకు చెల్లెలు కాబట్టి ఆమె నన్ను అల్లుడూ అని పిలిచేది. పొట్లాల రోజు తర్వాత ఆ పిలుపు ఆగిపోయింది. గోదాములో అందరూ యజమాని అల్లుణ్ని అల్లుడుగారు అల్లుడుగారు అని పిలిచేవారు. ఆ మాట ఆమె నోట్లోంచి ఇక రాలేదు. నేను ఒరేయ్ అయ్యాను. కోపం నా మీద కాదని తెలుసు. తెలిసినా, ఎవడో చేసిన పనికి నా వరస పోయిందని నాకు ఒళ్లు మండేది.

గోదాము పెరట్లో పెద్ద వేపచెట్టు ఉంది. చీపురు చేతికొచ్చాక అత్త ఊడ్చేది దాని ఆకే. ఊడ్చినదంతా గోనెల్లో కట్టి గోడవార పెట్టమన్నారు. ఎరువుకు పోతుందన్నారు. అత్త పెట్టేది. సాయంత్రానికి గోనెలు ఉండేవి కావు. ఎరువుబండి మాత్రం ఆమె ఎన్నడూ చూడలేదు. పిండిమర గది తలుపు దగ్గర నేల మీద ఎండు వేపపుల్లలు కనిపించేవి. వాటిని కూడా ఆమే ఊడ్చేది. అల్లుడు గోదాములో ఒక హాస్యం చెప్పేవాడట, చెట్టు మీద ఉంటే వేము, నేల మీద రాలితే నేలవేము అని. పనివాళ్లు దానికి కూడా నవ్వేవారు. ఆ నవ్వులో ఎంత హాస్యం, ఎంత జీతం అని నాకెప్పుడూ అనుమానమే.

ఇంత కళ్లతో చూస్తూ ఎందుకు ఊరుకున్నావని అడిగితే, "నాకేం తెలుసురా, నా నాలుకే తప్పు చెప్పింది కదా" అనేది. ఆ మాట వినయంతో అన్నదనుకునేవారు చుట్టాలు. నాకది వినయంలా వినిపించలేదు. కాలు విరిగినవాడు నడవలేనంటే వినయమా?

ఆమె మా ఇంటి మేడ మీద ఒంటి గదిలో ఉండేది. గది ముందు పగిలిన ప్లాస్టిక్ బకెట్లలో నేలవేము మొక్కలు వేసింది. మేడ మెట్లెక్కి ఎవరు వచ్చినా, గ్యాస్ బండ తెచ్చినతను వచ్చినా, పక్కింటి టైలరు ఆవిడ రవికెల కోసం వచ్చినా, ఒక ఆకు గిల్లి చేతిలో పెట్టేది. నమలమనేది. వాళ్లు మొహం చిట్లించుకుని దిగిపోయేవారు. చేదమ్మ చిలిపితనం అని వీధిలో పేరు. టైలరు ఆవిడైతే, "మీ అత్తయ్య కాఫీ ఇస్తుందేమోనని పైకి వెళ్తే నాకు కషాయం పట్టించింది" అని మా అమ్మతో చెప్పుకుని నవ్వేది.

నాకు నవ్వు రాలేదు. నేను ఒకటి గమనించాను. ఆకు గిల్లేటప్పుడు అత్త ఆకు వైపు చూడదు. నమిలేవాళ్ల కనుబొమల్ని చూస్తుంది. తర్వాత వాళ్ల గొంతును చూస్తుంది. గోదాము నుంచి కొంగున ఏదో పొడి చిటికెడు ముడేసుకుని వచ్చిన రోజుల్లో ఆ పొడి కూడా వచ్చినవాళ్లకు పెట్టేది. నోట్లో వేసుకోగానే కనుబొమలు ముడిపడితే ఆమె మొహం ఒకలా ఉండేది. కనుబొమలు మామూలుగానే ఉండి, మింగేటప్పుడు మెడ సాగితే ఇంకోలా ఉండేది. తను మాత్రం ఒక్క పలుకు కూడా నోట్లో వేసుకునేది కాదు.

ఆమె నాలుక చచ్చిపోయిందని నేను తేల్చుకున్నాను. ఏదో జ్వరంలో పోయుంటుంది. పోయిందని ఎవరికీ చెప్పకుండా, ఎదుటివాళ్ల మొహాలు అరువు తెచ్చుకుని రుచి చూస్తోంది. అయితే పొట్లాల రోజున కూడా నాలుక లేదేమో. అల్లుడు చెప్పిందే నిజమేమో. ఈ అనుమానం ఒకసారి పుట్టాక నన్ను కూర్చోనివ్వలేదు. ఒకరోజు టీ కాచి చక్కెర వేయకుండా పైకి పట్టుకెళ్లాను. అత్త నా వైపు చూస్తూ మొత్తం తాగింది. గ్లాసు కింద పెట్టి, "బాగుందిరా" అంది. నా లెక్క సరిపోయింది అనుకుని కిందికి దిగాను.

ఇంట్లో నాకంటే ముందే తీర్పు చెప్పేసినవాడు నాన్న. సొంత చెల్లెలు చెప్పిన మాట కంటే గోదాము యజమాని ముద్ర వేసిన పొట్లం ఆయనకు నమ్మకం. "రుచి చెప్పడం చేతకాక అవతలివాళ్ల మీద నింద వేసింది. మన పరువు కూడా తీసింది" అనేవాడు. అని, పంతం కొద్దీ ఆ గోదాము పొడినే కొనుక్కొచ్చి రోజూ పొద్దున్నే తాగేవాడు. జ్వరం వస్తే తాగాలి, రాకుండా తాగాలి, వచ్చి తగ్గాక తాగాలి. పొట్లం మీద రాసిన రోగాల పేర్లు చదివితే ఆ పొడి ఉండగా మనుషులు ఇంకా ఎందుకు చచ్చిపోతున్నారో అర్థం కాదు.

నేను పెద్ద చదువులు చదవలేదు. లైబ్రరీలో కూర్చుని చదివాను. అత్తను పట్టుకోవడానికో, నాన్నను పట్టుకోవడానికో తెలియదు గానీ నేలవేము గురించి దొరికిందల్లా చదివాను. జలుబు, గొంతునొప్పి కొంచెం త్వరగా తగ్గినట్టు కొన్ని పరీక్షల్లో తేలిందట. ఆ పరీక్షలు చాలామటుకు చిన్నవి, గట్టిగా చెప్పలేం అని రాసినవాళ్లే రాశారు. ఆ మాట నాకు నచ్చింది, చెప్పలేం అనేవాళ్లు తక్కువ కాబట్టి. కామెర్లకు పనిచేస్తుందని పాత గ్రంథాలు అంటాయి, మనుషుల మీద రుజువు తక్కువ. గర్భంతో ఉన్నవాళ్లు తీసుకోకూడదు. రక్తాన్ని పల్చబరిచే మందులూ బీపీ మాత్రలూ వాడేవాళ్లు డాక్టరును అడక్కుండా ముట్టుకోకూడదు. కొందరికి కడుపు తిప్పుతుంది, ఒంటి మీద దద్దుర్లు వస్తాయి.

చక్కెర జబ్బు పూర్తిగా మానిపోతుందని మాత్రం ఎక్కడా లేదు. అత్త ఆ మాట బాగా నమ్మేది. కాదని చెప్తే నొచ్చుకుంది. "పొట్లం మీద రాశారు కదరా" అంది. ఆ పొట్లాన్ని నమ్మే విషయంలో అన్నాచెల్లెళ్లు ఒకటే.

నాన్న బీపీ మాత్రలు వేసుకుంటాడు. ఒక ఉదయం మంచం దిగుతూ కళ్లు తిరిగి గోడ పట్టుకున్నాడు. ఆస్పత్రిలో డాక్టరమ్మ ఇంకేమైనా వాడుతున్నారా అని అడిగితే, లేదన్నాడు. ఆ పొడి ఆయన లెక్కలో మందు కాదు. నేను చెప్పాను. ఆవిడ వెంటనే మానమంది. పొడి వల్లే అని చెప్పలేనంది, దాంట్లో ఏం కలిసిందో ఆవిడకూ తెలియదు, నాకూ తెలియదు. ఇంటికొచ్చాక అమ్మ మేడ మీద బకెట్ల వైపు చూసింది. ఆ చూపు అత్త చూసింది. మొహాలు చదవడం వృత్తిగా పెట్టుకున్న మనిషికి అదొక్కటి కనబడకుండా పోతుందా? ఆ సాయంత్రం బకెట్లన్నీ గది లోపలికి జరిపేసింది. ఆ తర్వాత మేడెక్కిన వాళ్లెవరికీ ఆకు పెట్టలేదు.

ఆ రోజుల్లోనే గోదాము నుంచి కబురొచ్చింది. తెచ్చినతను అక్కడ కాటా దగ్గర తూకం వేసేవాడు, అందరికీ తూకం మామ. సరుకు కొనే పెద్ద కంపెనీ ఒకటి పొడిని ఏదో యంత్రంలో పరీక్ష చేయించి మొత్తం తిప్పి పంపిందట. అల్లుణ్ని వేరే ఊరి దుకాణానికి పంపేశారట. చేదమ్మ మళ్లీ వచ్చి బల్ల దగ్గర కూర్చోవాలని ముసలాయన, అంటే యజమాని, అడుగుతున్నాడట.

అత్త మంచం మీంచి లేవలేదు. "ఎందుకట?" అంది.

"ఎందుకేంటి చేదమ్మా, నీ పని నీకివ్వడానికి."

"ఇన్నాళ్లు లేని నాలుక ఇప్పుడెక్కణ్నుంచి వచ్చిందట నాకు?"

తూకం మామ అటూ ఇటూ చూశాడు. మంచినీళ్లు అడిగాడు. తాగాడు. తర్వాత, ఆ రోజు రెండు పొట్లాలూ కట్టింది తనే అని చెప్పాడు. రెండింట్లోకీ పొడి తీసింది ఒక్క బస్తాలోంచేనట, ఆమె కల్తీ అన్న బస్తాలోంచే. ఆమె ఏది చూపించినా అల్లుడు అనబోయే మాట ఒకటే. కొలువు పోతుందని తను నోరు మెదపలేదు.

ఇప్పుడు అత్త ఏడుస్తుందో, అతన్ని తిడుతుందో అని చూశాను. ఆమె అతని మొహాన్ని చాలాసేపు చూసింది, బస్తా వైపు చూసినట్టు.

"ఇవాళ ఎందుకు చెప్తున్నావు?" అంది.

"మనసులో ఉంచుకోలేక."

"ఇన్నాళ్లు ఉంచుకున్నావుగా. నన్ను తీసుకొస్తే నీకేమిస్తానన్నాడు ముసలాయన?"

తూకం మామ లేచి వెళ్లిపోయాడు. మెట్ల మీద నేను పట్టుకుని అడిగాను. ఇస్తానన్నాడని ఒప్పుకున్నాడు. అయినా చెప్పింది నిజమేనన్నాడు. రెండూ ఒకేసారి నిజం కావొచ్చని నేనూ అనుకున్నాను. కానీ నాకు వేరే సంగతి తట్టింది. కంపెనీ సరుకు తిప్పి పంపింది. మళ్లీ తిప్పి పంపితే ఎవరో ఒకరు దొరకాలి. చేదమ్మ రుచి చూసి దించమంది, మాకేం తెలుసు అనడానికి బల్ల వెనక ఒక మనిషి కావాలి. ఆ మాట పైకెళ్లి అత్తతో అన్నాను.

"అది నాకు తెలీదనుకున్నావా" అంది. "వాళ్లు ఎందుకు పిలిచారన్నది వాళ్ల గోల. నేను కూర్చోగలనా లేదా అన్నది నా గోల."

అప్పుడు అర్థమైంది నాకు, ఆమెకు కావలసింది న్యాయం కాదని. అల్లుడు పోయినా, తూకం మామ చెప్పినా, ముసలాయన పిలిచినా ఆమెకు ఒరిగేదేమీ లేదు. నోట్లో ఒక చిటికెడు వేసుకుని, ఇది ఇదీ అని, తన మాట తనే నమ్మాలి. అది లేకుండా ఆ బల్ల దగ్గర కూర్చుంటే అల్లుడు చేసిన పనే ఆమె తనకు తాను చేసుకున్నట్టు.

నేను పొట్లాలు కడతానన్నాను. అసలు ఆకు కొన్నింట్లో, వేపాకు కలిపినది కొన్నింట్లో.

"నీకు ఏది ఏదో తెలుస్తుంది. నీకు తెలిస్తే నీ మొహానికి తెలుస్తుంది" అంది.

"బయట నిలబడతాను."

"అన్నింట్లోనూ ఒకటే పోసి పోలేదని ఏమిటి నమ్మకం?"

"నేనా?"

"నువ్వే. చక్కెర లేని టీ ఇచ్చిందెవరు?"

ఆమె చీర కుచ్చిళ్లు సర్దుకుంటూ, మొదటి గుక్కలోనే తెలిసిందని చెప్పింది. నా మొహం చూస్తే ఏదో పరీక్ష పెడుతున్నట్టుందట. ఏమంటే నేను సంతోషిస్తానో తెలియక బాగుందని అనేసిందట. "నువ్వు లోకంలో ఎవర్నీ నమ్మవు. మరి నిన్నెవరు నమ్మాలిరా?" అంది.

కోపం వచ్చింది.

ఆమె తన పరీక్ష తనే పెట్టుకుంది. బకెట్లలో మొక్కలు కోసి గదిలోనే నీడన ఆరబెట్టింది. గోదాము పెరటి వేపాకు తనే ఊడ్చి తనే తెచ్చింది. రెండూ విడివిడిగా రోట్లో దంచి, ఒకే జల్లెడలో జల్లించింది. పాత పత్రికను ఒకే కొలత ముక్కలుగా చించి, కొన్నింటి అడుగున లోపలివైపు పెన్సిల్‌తో గీత గీసింది. గీత ఉన్నవాటిలో అసలైన ఆకు, లేనివాటిలో కలిపినది. అన్నీ ఒకేలా మడిచి దిండు గలీబులో వేసి కుదిపింది. నన్ను బయటికి పొమ్మని తలుపేసుకుంది.

నేను మెట్ల మీద కూర్చున్నాను. కాగితం చప్పుడు వినిపించేది. తర్వాత ఏమీ వినిపించేది కాదు. ఉమ్మిన చప్పుడు, పుక్కిలించిన చప్పుడు. మళ్లీ కాగితం. మధ్యలో ఒకసారి లోపలికి వెళ్దామా అని లేచి మళ్లీ కూర్చున్నాను. కింద వీధిలో టైలరు ఆవిడ మిషను ఆగీ ఆగీ నడుస్తోంది.

తలుపు తెరిచేసరికి అత్త మొహం మామూలుగా ఉంది. నేను మొహాలు చదవలేను, ఆ విద్య నాకు రాదు. నేల మీద కాగితాలు రెండు వరుసల్లో విప్పి ఉన్నాయి. ఒక వరుసలో ప్రతి కాగితానికీ పెన్సిల్ గీత ఉంది. రెండో వరుసలో ఒక్కదానికీ లేదు.

"ఇవాళ మీ అమ్మ కూరలో ఉప్పు రెండుసార్లు వేసిందా?" అంది.

వేసింది. పొద్దున్న నాన్న ఆ మాటే అని కంచం తోసేశాడు.

"తింటున్నప్పుడే అనుకున్నా. నాకే అలా ఉందేమోనని ఊరుకున్నాను" అంది అత్త. ఆ వరుసలు ఊడ్చి ఎత్తేసింది.

నాకు సంతోషం కలగాలి. కలిగింది కూడా, ఒక పూట. తర్వాత పాత పురుగు మళ్లీ తొలవడం మొదలుపెట్టింది. నాలుక బాగుందన్నది తేలింది. రెండు పొట్లాల్లోనూ ఒకే పొడి అని తూకం మామ అన్నాడు. మరి ఆ రోజు ఆమె రెండూ ఒకటేనని ఎందుకనలేదు? తూకం మామ అబద్ధం చెప్పాడా? లేక అత్త ఏదైనా దాస్తోందా? ఒక మంచి కథలో కూడా ఇంత పెద్ద చిల్లు ఉంటే నేను పుస్తకం మూసేస్తాను. అడుగుదామని నోటిదాకా వచ్చేది. ఆమె ఆ పొద్దు నుంచీ అన్నం ముద్ద ముద్దకీ ఆగి రుచి చూస్తూ తింటోంది. ఆ మొహం చూసి అడగలేకపోయాను.

అత్త గోదాముకు కబురు పంపింది. వస్తాను గానీ ఒక షరతు. బల్ల గోడకు ఆనించాలి, కుర్చీ గోడవైపు తిప్పి వేయాలి. ఎవరైనా సరే బస్తా చిటికెడు పక్కన పెట్టి వెళ్లాలే గానీ ఎదురుగా నిలబడకూడదు, ముసలాయన అయినా సరే. ఈ మాట విని గోదాములో కొత్త హాస్యం పుట్టింది, చేదమ్మకు గోడతో సంబంధం కుదిరిందని. ముసలాయన ఒప్పుకున్నాడు. ఒప్పుకోక ఏం చేస్తాడు, యంత్రంలో పరీక్ష చేసే కంపెనీ అవతల కూర్చుని ఉంటే. నాన్నకు తప్పు ఒప్పుకునే అలవాటు లేదు. అటక మీద మిగిలిన పొట్లాలు మాత్రం కనిపించకుండా పోయాయి.

నాకు వేరే ఊళ్లో ప్రింటింగ్ ప్రెస్సులో పని దొరికింది. వెళ్లేముందు చెప్పి పోదామని గోదాముకు వెళ్లాను. అత్తను చూడటం అదే ఆఖరు అవుతుందని అప్పుడు తెలియదు. ఆ చలికాలంలోనే పోయింది, జ్వరంతో కాదు, నిద్రలో. కషాయం పనిచేసిందనడానికి గానీ చేయలేదనడానికి గానీ ఎవరికీ సందివ్వలేదు.

ఆ రోజు నేను వెళ్లేసరికి అత్త రేకుల షెడ్డులో ఓ మూల గోడవైపు తిరిగి కూర్చుంది. ముందు పెచ్చులూడిన సున్నం గోడ తప్ప ఏమీ లేదు. నీళ్ల గ్లాసు, ఉమ్మే డబ్బా, పళ్లెంలో చిటికెళ్లు. నా అడుగుల చప్పుడుకు తిరగలేదు. వెనకాల నిలబడి చెప్పాను, ఊరు వెళ్తున్నానని. మంచిదంది. పెరట్లో ఇప్పుడు వేరే ఆమె ఊడుస్తోంది. గోడవార గోనెలు అలాగే ఉన్నాయి. అది చూసే లోపలికొచ్చాను కాబట్టి ఊరుకోలేక అడిగాను, నువ్వు రుచి చూసి దించమన్నాక మరలో ఏం కలుపుతారో నీకు తెలుసా అని.

"నా నాలుక దాటాక నాకేం తెలుసు" అంది. "దాటేదాకా మాత్రం తెలుసు."

అప్పుడు ఆ రెండో ప్రశ్న కూడా అడిగేశాను. రెండు పొట్లాలూ ఒకటే అయితే ఆ రోజు కుడివైపుది ఎందుకు చూపించావని.

ఆమె ఒక చిటికెడు నోట్లో వేసుకుని కాసేపు ఉంచుకుంది. ఉమ్మేసింది. పుక్కిలించింది. దించమని ఎవరికో చేత్తో సైగ చేసింది. ఇక చెప్పదేమో అనుకున్నాను.

"నాలుక రెండూ ఒకటేనంది" అంది గోడతో. "ఒకటేనని చెప్పబోయాను. ఇంతలో అతని మొహం చూశాను. ఏది అసలుదో అతనికి తెలుసు కదా అనుకున్నా. అతని చూపు కుడి పొట్లం మీద ఉంది. నా నోట్లో ఉన్నదాన్ని వదిలేసి అతని కళ్లలో ఉన్నదాన్ని చెప్పాను. మోసం చేసింది అతనే, కాదనను. కానీ నాలుకను కాదన్నది నేను. తర్వాత ఇన్నేళ్లూ దాన్నే తిట్టుకున్నాను పాపం."

షెడ్డు అవతల ఎవరో బస్తా దించారు. అత్త తల తిప్పకుండానే చెయ్యి వెనక్కి చాపింది. అరచేతిలో ఒక ఆకు ఉంది, ఇంటి బకెట్లోది.

"ఇది నమిలి చూడు అల్లుడూ" అంది. "ఈసారి నీ మొహం చూడనులే."